ఆత్మరక్షణ వాదము – ఋజుభారము : ఒక చారిత్రక పరిశీలనము

హత్యానేరమునకు శిక్షపొంది పై న్యాయస్థానమున మొఱపెట్టుకొన్నవాడు చెప్పుకొనదగిన వాదములు ముఖ్యముగా మూడు. నేను చంపలేదనుట మొదటిది. నా చేతిలో చచ్చినను చంపు నుద్దేశము నాకు లేదనుట రెండవది. చంపితిని, కాని చంపుటకు నాకు హక్కు కలదనుట మూడవది. మొదటి రెండు వాదములయందు ముద్దాయి కృత్యమునో, ఉద్దేశమునో కాదనుచున్నాడు. మూడవదానియందు రెంటిని అంగీకరించి దోషమును మాత్రము నిరాకరించుచున్నాడు. దీనినే మనము ఆత్మరక్షణ వాదమని వ్యవహరించుచున్నాము.

ఈ వాదము ఏ సందర్భములందు చెల్లుననునది ఒక ప్రశ్న. అది ఎవరి యెదుట, ఎవరిచేత, ఏపాటి ప్రమాణముతో నిరూపింపబడవలెననునది మఱియొక ప్రశ్న. మొదటి ప్రశ్నకు ధర్మశాస్త్రకాలము నుండి నేటి వఱకు వచ్చిన సమాధానములలో భేదము మిక్కిలి తక్కువ. చరిత్రయంతయు రెండవ ప్రశ్నయందే యిమిడియున్నది. ఆ చరిత్రలో తెలుగుదేశపు న్యాయమూర్తులకును, తెలుగుదేశపు న్యాయస్థానమునకును గల స్థానమును నిరూపించుటయే ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

1. ఆతతాయి

ధర్మశాస్త్రములయందు ఈ విషయము 'ఆతతాయి' యను శబ్దము నాశ్రయించి యున్నది. నిప్పు పెట్టువాడు, విషము పెట్టువాడు, ఆయుధము చేతబట్టి మీదికి వచ్చువాడు, ధనము నపహరించువాడు, క్షేత్రము నాక్రమించువాడు, భార్య నపహరించువాడు అని ఆతతాయులు ఆర్గురుగా స్మృతులు పరిగణించినవి. గురువైనను, బాలుడైనను, వృద్ధుడైనను, బహుశ్రుతుడైన బ్రాహ్మణుడైనను ఆతతాయియై వచ్చినవానిని చంపవచ్చునని మనుస్మృతి చెప్పుచున్నది.

ఈ వచనమును యథాశ్రుతముగా గ్రహించినచో హద్దు లేకుండ పోవును. కల్యాణ చాళుక్యుడైన ఆఱవ విక్రమాదిత్యుని కాలమున మితాక్షరను రచించిన విజ్ఞానేశ్వరుడు ఈ చిక్కును గుర్తించెను. ఆ వచనమును అర్థవాదముగా గ్రహించి, ఆయన వేఱొక నిర్ణయము చేసెను. చంపవలెనను తలంపు లేక, తన్ను గాని తనవారిని గాని కాపాడుకొనుటకై నివారించు నపుడు ఆతతాయి పొరపాటున మరణించినచో, నివారించినవానికి లఘు ప్రాయశ్చిత్తము మాత్రమే విధి, రాజదండము లేదు. ఇందు గమనింపదగినవి రెండంశములు. తలంపు నివారణమునకు సంబంధించినదై యుండవలెను, వధకు సంబంధించినది కాగూడదు. శిక్ష లేకపోయినను ప్రాణము పోయినదను స్పృహ మాత్రము పోగూడదు.

మితాక్షరను పదమూడవ శతాబ్దియందు మూలఘటిక కేతన విజ్ఞానేశ్వరీయమను పేరుతో తెనుగు పద్యములలోనికి దెచ్చెను. ఆంధ్రభాషాభూషణ కర్తయైన కేతన వ్యవహారకాండమును గూడ తెనుగు చేయుట, ధర్మనిర్ణయము దేశభాషయందు జరుగవలసిన అవసరము ఆ కాలముననే యుండెనని తెలుపుచున్నది. నేటి తెలుగున 'ఆతతాయి' యనగా కేవలము దుర్మార్గుడు, దౌర్జన్యపరుడు అని యర్థము. పూర్వము అది వ్యక్తి స్వభావమును కాక, ఒకానొక క్షణమున అతడు చేయుచున్న పనిని తెలుపు మాట. ఆ పని మానిన క్షణమున వాడు ఆతతాయి కాడు. అర్థమునందు కలిగిన ఈ మార్పు చిన్నదిగా కనబడినను, ఈ వ్యాసవిషయమునకు మూలము వంటిది.

2. శిక్షాస్మృతికి పూర్వము, తరువాత

1802 నాటి రెగ్యులేషన్లతో చెన్నపురి ఆధిపత్యమున క్రొత్త న్యాయస్థానములు వెలసినవి. సివిలు వ్యవహారములందు హిందువులకు మితాక్షర ప్రమాణమైనది కాని, క్రిమినలు వ్యవహారములందు కొన్ని సవరణలతో మహమ్మదీయ ధర్మశాస్త్రమే నడచినది. ఉత్తర సర్కారుల హత్యావ్యవహారములను మచిలీపట్టణమునందలి ఉత్తర విభాగపు సర్క్యూటు న్యాయస్థానము విచారించెడిది. న్యాయాధిపతి ప్రక్కన కూర్చున్న ఖాజీ ఫత్వా నొసంగెడివాడు. మరణశిక్ష విధింపదగిన వ్యవహారము చెన్నపట్టణమునందలి ఫౌజుదారీ అదాలతునకు నివేదింపబడెడిది. 1839 నాటి 24వ చట్టముచే గంజాము, విశాఖపట్టణ మండలములలోని కొండప్రాంతములు ఈ సామాన్య న్యాయస్థానముల పరిధి నుండి తొలగింపబడి, ఏజెంటగు కలెక్టరు వశమైనవి. ఒకే మండలమునందు మైదానవాసికి ఒక న్యాయస్థానమును, కొండవాసికి వేఱొక న్యాయస్థానమును ఏర్పడినవి.

1837లో మెకాలే అధ్యక్షతన సిద్ధమైన ముసాయిదా 1860లో శిక్షాస్మృతియై, 1862 జనవరి 1 నుండి అమలునకు వచ్చెను. ఈ దేశప్రజలు దోపిడికాండ్రకు ఎదురు నిలువక లొంగిపోవుచున్నారనియు, వారియందు పౌరుషమును ప్రోత్సహింపవలెననియు ముసాయిదా కర్తలు తమ వ్యాఖ్యలయందు వ్రాసిరి. రక్షణ హక్కును 96 మొదలు 106 వఱకు గల సెక్షనులలో వారు విశాలముగా నిబంధించుటకు ఇది యొక కారణము. కాని అదే ప్రకరణమునందలి 99వ సెక్షను, ప్రభుత్వోద్యోగి సద్బుద్ధితో తన అధికారమును పురస్కరించుకొని చేసిన పని, చట్టరీత్యా పూర్తిగా సమర్థనీయము కాకపోయినను, ప్రాణభయమునో తీవ్రగాయ భయమునో కలిగింపనంత వఱకు దానిపై రక్షణ హక్కు లేదని చెప్పుచున్నది. దోపిడికాని యెదుట చూపుమన్న పౌరుషమును ఉద్యోగి యెదుట చూపవలదని దీని తాత్పర్యము. పరపాలకుల చట్టమున ఈ రెండును ప్రక్కప్రక్కనే యుండుట వింత కాదు.

తక్కిన నిబంధనల సారము సంగ్రహముగా నిది. తన దేహమునే కాక పరుల దేహమును, తన ఆస్తినే కాక పరుల ఆస్తిని గూడ రక్షింపవచ్చును. కావున 'ఆత్మరక్షణ' యను మన మాట చట్టపు భావముకంటె సంకుచితమైనది. పొరుగువానిని కాపాడుటకై అడ్డుపడినవాడును ఈ హక్కు క్రిందికే వచ్చును. ప్రాణభయము, తీవ్రగాయ భయము, బలాత్కారము, అపహరణము మొదలగు సందర్భములలో దేహరక్షణకై ప్రాణము దీయుట వఱకు హక్కు విస్తరించును. 2013లో ఆమ్లదాడి గూడ ఈ పట్టికలో చేరినది. ఆస్తి విషయమున బందిపోటు, రాత్రివేళ ఇల్లు పగులగొట్టుట, నివాసగృహమునకు నిప్పు పెట్టుట మున్నగువానికి మాత్రమే అంత హక్కు కలదు. అధికారుల సహాయము కోరుటకు వ్యవధి యున్నపుడు హక్కు లేదు. అవసరమునకు మించిన హాని చేయగూడదు. అపాయము కలుగునను సహేతుకమైన భయముతో హక్కు పుట్టును. ఆ భయముతోనే ముగియును.

స్మృతులు చెప్పిన ఆర్గురు ఆతతాయులతో దీనిని పోల్చిచూచిన, ఐదుగురు ఏదో యొక విధమున ఈ పట్టికలో కానవచ్చుచున్నారు. వేఱుపడినవాడు క్షేత్రాపహర్త యొక్కడే. కేవలము పొలము నాక్రమించుటకు వచ్చినవానిని చంపు హక్కు శిక్షాస్మృతి యొసంగలేదు. స్థిరముగా స్వాధీనమున నున్నవాడు ఆక్రమణదారుని తగుమాత్రపు బలముతో అడ్డుకొనవచ్చును; అడ్డుకొనుచుండగా ప్రాణమునకే ముప్పు వచ్చినపుడు మాత్రము దేహరక్షణ హక్కు ప్రవేశించును. గ్రామములలోని హత్యావ్యవహారములు పెక్కింటికి గట్టుతగాదాలు మూలమగుట చేత, అప్పీలు కోర్టులలో ఎక్కువ చర్చకు వచ్చునది ఈ సన్నని సరిహద్దే.

హక్కున్నదని సద్బుద్ధితో నమ్మి, పగ లేక, అవసరమునకు మించిన హాని చేయు నుద్దేశము లేక హద్దు దాటినవానికి 300వ సెక్షనునందలి రెండవ మినహాయింపు వర్తించును. వాని నేరము హత్య కాక, హత్య కాని నరవధ యగును. విజ్ఞానేశ్వరుడు తలంపునకు ఇచ్చిన ప్రాధాన్యమే ఇచ్చట వేఱొక రూపమున కనబడుచున్నది.

3. ఋజుభారము

1872 నాటి సాక్ష్యచట్టమునందలి 105వ సెక్షను ప్రకారము, తన వ్యవహారము మినహాయింపు క్రిందికి వచ్చునని నిరూపించు భారము ముద్దాయిపై నున్నది. అంతేకాక, అట్టి పరిస్థితులు లేవనియే న్యాయస్థానము మొదట భావింపవలెను. ఇచ్చట చిక్కు పుట్టుచున్నది. నేరమును నిస్సందేహముగా నిరూపించు భారము ప్రాసిక్యూషనుది. మినహాయింపును నిరూపించు భారము ముద్దాయిది. ముద్దాయి తన వాదమును పూర్తిగా నిరూపింపలేకపోయినను, అది నిజమైయుండవచ్చునను సందేహము న్యాయమూర్తి మనస్సున మిగిలినచో ఏమి చేయవలెను?

1935లో ఇంగ్లండునందు ఉల్మింగ్టన్ వ్యవహారమున ప్రభువుల సభ, ఋజుభారము తుది వఱకు ప్రాసిక్యూషనుపైననే యుండునని చాటెను. 105వ సెక్షను గల మన దేశమున ఆ సూత్రము ఎంతవఱకు చెల్లుననునది వివాదమైనది. 1941లో అలహాబాదు హైకోర్టు విస్తృత ధర్మాసనము ప్రభు వ్యవహారమున దీనిని చర్చించెను. అది రక్షణ హక్కునకు సంబంధించినదే. సాక్ష్యమునంతను చూచిన మీదట ముద్దాయికి ఆ హక్కు కలదేమో యను సహేతుక సందేహము మిగిలినచో అతడు విడుదలకు అర్హుడని అధిక సంఖ్యాకులు నిర్ణయించిరి.

స్వాతంత్ర్యానంతరము ఈ విషయమును సుప్రీంకోర్టులో స్పష్టముగా వివరించినవారిలో ముఖ్యులు జస్టిస్ కోకా సుబ్బారావుగారు. రాజమహేంద్రవరమున 1902లో జన్మించిన సుబ్బారావుగారు 1948లో చెన్నపురి హైకోర్టు న్యాయమూర్తియై, 1954లో గుంటూరున వెలసిన ఆంధ్ర హైకోర్టునకు తొలి ప్రధాన న్యాయమూర్తియైరి. 1958లో సుప్రీంకోర్టునకు వెళ్లి, 1966లో భారత ప్రధాన న్యాయమూర్తి పదవి నలంకరించిరి.

1961 నవంబరు 24న వెలువడిన నానావతి తీర్పును వ్రాసినవారు ఆయనయే. నౌకాదళాధికారియైన నానావతి తన భార్య ప్రియుని కాల్చిచంపిన ఆ వ్యవహారమును దేశమంతయు ఎఱుగును. జూరీ విడుదల చేయగా, బొంబాయి హైకోర్టు దానిని త్రోసిపుచ్చి యావజ్జీవ శిక్ష విధించెను. పెనుగులాటలో పిస్తోలు ప్రమాదవశమున పేలినదని ముద్దాయి వాదము. అది ఆత్మరక్షణ వాదము కాకపోయినను, 105వ సెక్షను క్రిందికి వచ్చు మినహాయింపులన్నిటికిని పనికివచ్చు విచారణ ఆ తీర్పునందు కలదు. ముద్దాయి చూపిన సాక్ష్యము మినహాయింపును నిరూపించుటకు చాలకపోవచ్చును. ఐనను అదే సాక్ష్యము నేరముయొక్క అంగములలో ఒకదానిపై సహేతుక సందేహమును కలిగించుటకు చాలవచ్చును. అప్పుడు నేరము నిరూపితము కానట్లే యని సుబ్బారావుగారు వివరించిరి. ఈ సూత్రమును విశదీకరించియు నానావతి శిక్షను వారు ఖాయపఱచిరి. సూత్రమును ముద్దాయికి అనుకూలముగా చెప్పి, సాక్ష్యమును నిర్దాక్షిణ్యముగా తూచుట వారి పద్ధతి. 1964లో దహ్యాభాయి వ్యవహారమున ఉన్మాదవాదమునకును ఇదే తర్కమును వర్తింపజేసిరి.

ముద్దాయి భారము ప్రాసిక్యూషను భారమంత బరువైనది కాదనియు, సంభావ్యతల మొగ్గు చూపిన చాలుననియు, ముద్దాయి నోట ఈ వాదము రాకపోయినను సాక్ష్యమునుండి తేలినచో కోర్టు దానిని గుర్తింపవచ్చుననియు 1967 నవంబరున మున్షీరాం వ్యవహారమున సుప్రీంకోర్టు నిర్ణయించెను. భయపీడితుడైన ముద్దాయి తఱచుగా 'నేనచ్చట లేనే లేను' అనును. ఆ అబద్ధము వానికున్న నిజమైన హక్కును పోగొట్టకుండ ఈ నిర్ణయము కాపాడుచున్నది.

4. అప్పీలునందలి పరిశీలన

విశాఖపట్టణమునుండి కొత్తవలస పోవు మార్గముననున్న పెందుర్తి వంటి ఊర జరిగిన హత్య నుదాహరణముగా గ్రహింతము. విచారణ ఎల్లకాలమును సమీపముననే, విశాఖ సెషన్సు కోర్టులో జరుగును. అప్పీలు మాత్రము కాలమునుబట్టి ఊళ్లు మారినది. 1862 నుండి అది చెన్నపట్టణమునకు పోయెను. 1954 నుండి గుంటూరునకు, 1956 నుండి హైదరాబాదునకు, 2019 జనవరి 1న హైకోర్టు వేఱుపడిన పిమ్మట అమరావతికి పోవుచున్నది. స్థలము మారినను కాగితముల కట్ట ఒక్కటియే. సాక్షుల ముఖములు, కంఠస్వరములు అప్పీలు న్యాయమూర్తికి కానరావు, వినరావు. క్షణకాలమున జరిగిన పెనుగులాటను సంవత్సరముల తరువాత కాగితముపై చూచి, ఎవడు ముందు చేయెత్తెనో ఆయన తేల్చవలసియున్నది.

అట్టి స్థితిలో న్యాయస్థానములు ఆశ్రయించు గుర్తులు కొన్ని కలవు. ఘటన ఎవరి ఇంటనో, ఎవరి పొలమునో జరిగెననునది ఒకటి. ఆయుధము ముందుగా తెచ్చినదా, చేతికందినదా యనునది రెండవది. గాయములు ముందువైపున నున్నవా, వెన్నున నున్నవా యనునది మూడవది. పడిపోయిన పిమ్మట గూడ దెబ్బలు తగిలెనా యనునది నాలుగవది. వీనికంటె ముఖ్యమైనది ముద్దాయి ఒంటిపైని గాయములు. ఆ గాయములు ఎట్లు తగిలెనో ప్రాసిక్యూషను సాక్షులు చెప్పనిచో, వారు ఘటనయొక్క మొదలును దాచుచున్నారని ఊహింపవచ్చుననియు, ముద్దాయి చెప్పు కథ సంభావ్యమగుననియు 1976లో లక్ష్మీసింగ్ వ్యవహారమున సుప్రీంకోర్టు చెప్పెను.

అయినను వీనిని త్రాసులో వేసి తూచుటకు హద్దు కలదు. 1950లో మధ్యప్రదేశమునందలి కట్నీ పట్టణమున అల్లరులు చెలరేగినపుడు, మూక తన ఇంటి తలుపులు బాదుచుండగా తుపాకి పేల్చిన అంజద్ ఖాన్ వ్యవహారము 1952లో సుప్రీంకోర్టునకు వచ్చెను. కాల్పులలో ఒకరు మరణించిరి. ప్రక్క దుకాణము అప్పటికే దోపిడికి గుఱియైనది. లోపల భార్యాబిడ్డలు కలరు. మూక తలుపు పగులగొట్టి లోనికి వచ్చి ఒకరిని చంపువఱకు అతడు వేచియుండవలెననుట న్యాయము కాదని కోర్టు అతనిని విడుదల చేసెను. ఆపదలోనున్నవాని నిర్ణయమును తీరికగా కూర్చున్నవాని కొలతతో కొలువరాదని దీని సారము.

5. 'ఎదురుకాల్పులు'

ఇంతవఱకు చెప్పిన వ్యవహారములన్నిటిలో సామాన్య లక్షణమొకటి కలదు. చంపినవాడు బోనులో నిలిచినాడు. వాని వాదమును న్యాయమూర్తి తూచినాడు. తెలుగుదేశమున ఇరువదవ శతాబ్ది ఉత్తరార్ధమున బలపడిన ఒక పద్ధతి ఈ లక్షణమునకే విరుద్ధమైనది. పోలీసుల చేతిలో మరణములు సంభవించినపుడు, మరణించినవారిపై హత్యాప్రయత్నపు కేసు నమోదు చేయుట, నిందితులు మరణించినందున దానిని మూసివేయుట ఆ పద్ధతి. ఆత్మరక్షణ వాదము అందును కలదు. కాని దానిని చెప్పువారును, నమ్మువారును, కేసు మూయువారును ఒక్క శాఖవారే.

ఇచ్చట భాషాపరిశోధకులు గమనింపవలసిన విషయము కలదు. 'ఎదురుకాల్పులు' అను మాటలోని 'ఎదురు' అను పూర్వపదము, అవతలివారు ముందు కాల్చిరని సూచించుచున్నది. అనగా విచారణ చేసి తేల్చవలసిన అంశము పేరులోనే తీర్మానింపబడినది. వార్తాపత్రికల వాడుకచే ఆ మాట రూఢియైన కొలది, అందున్నది ఒక వాదమనియు, దానికి ఋజువు కావలెననియు పాఠకునకు తోపదయ్యెను. 'ఆతతాయి' శబ్దము కృత్యము నుండి వ్యక్తికి మారినట్లే, ఇచ్చటను ఒక క్షణమునకు సంబంధించిన ప్రశ్న వ్యక్తిస్వభావమునకు సంబంధించిన తీర్పుగా మారిపోయినది.

ఈ పద్ధతిపై ఆంధ్రప్రదేశ్ పౌరహక్కుల సంఘము చేసిన ఫిర్యాదును విచారించి, 1996 నవంబరున జాతీయ మానవ హక్కుల సంఘము దానిని తప్పుపట్టెను. పోలీసుకు సామాన్యునకంటె హెచ్చైన ప్రాణహరణాధికారము లేదనియు, చంపుట నేరము కాదని చెప్పదలచిన, అది మినహాయింపు క్రిందికి వచ్చునో లేదో సరియైన దర్యాప్తుచే తేలవలెననియు నిర్ణయించెను. 1997 మార్చిలో సంఘాధ్యక్షులు జస్టిస్ వెంకటాచలయ్యగారు రాష్ట్రముల ముఖ్యమంత్రులందరికిని ఈ విధానము ననుసరింపుడని వ్రాసిరి.

2006 జూలైలో నల్లమల అడవులలో మావోయిస్టులు 8 మంది మరణించిన ఘటనపై నడచిన వ్యాజ్యమున, హైదరాబాదునందలి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము 2009 ఫిబ్రవరి 6న తీర్పు నిచ్చెను. జస్టిస్ గోడా రఘురాం ఆ ధర్మాసనమునందలివారు. పోలీసుల వలన మరణము సంభవించినపుడు, అది ఆత్మరక్షణకై జరిగినదని చెప్పబడినను, ప్రథమ సమాచార నివేదిక నమోదు కావలెను. మెజిస్ట్రేటు జరుపు మరణవిచారణ దానికి బదులు కాజాలదు. ఆత్మరక్షణ హక్కు నిజముగా కలదా యనునది న్యాయవిచారణలో నిరూపింపబడవలెను — అని ఆ తీర్పు సారము. సుప్రీంకోర్టు అదే సంవత్సరము ఆ తీర్పు అమలును నిలిపివేసెను. 2014 సెప్టెంబరు 23న పౌరస్వేచ్ఛా ప్రజాసంఘము, మహారాష్ట్ర ప్రభుత్వముల వ్యవహారమున 16 నిబంధనలను ఏర్పఱచి, ప్రథమ సమాచార నివేదిక నమోదును, ఘటనతో సంబంధము లేని స్టేషను గాని నేరపరిశోధక విభాగము గాని జరుపు దర్యాప్తును, మెజిస్ట్రేటు విచారణను తప్పనిసరి చేసెను. దేశమంతటను అనుసరింపబడవలసినవి ఆ నిబంధనలే.

2019 డిసెంబరు 6న షాద్‌నగరు సమీపమునందలి చటాన్‌పల్లి వద్ద, అత్యాచార హత్యా నేరముపై పట్టుబడిన నలుగురు పోలీసుల కాల్పులలో మరణించిరి. వారు ఆయుధములను లాగుకొని దాడి చేసిరనియు, ఆత్మరక్షణకై కాల్చితిమనియు పోలీసుల వాదము. అనేకులు ఆనాడు హర్షించిరి. సుప్రీంకోర్టు నియమించిన సిర్పూర్కర్ కమిషను 2022లో తన నివేదిక నిచ్చి, ఆ వాదమును నమ్మదగినది కాదని త్రోసిపుచ్చి, 10 మంది పోలీసులను హత్యానేరముపై విచారింపవలెనని సిఫారసు చేసెను. నివేదిక తెలంగాణ హైకోర్టునకు పంపబడినది. కమిషను నిర్ణయము న్యాయస్థానపు తీర్పు కాదు; ఆ పోలీసులకును తమ వాదమును సాక్ష్యముతో నిలుపుకొను హక్కు కలదు. విచారణ వలన కలుగు లాభము ఉభయపక్షములకును సమానమే.

6. ఫలితార్థము

2024 జూలై 1 నుండి శిక్షాస్మృతి స్థానమున భారతీయ న్యాయ సంహితయు, సాక్ష్యచట్ట స్థానమున భారతీయ సాక్ష్య అధినియమమును అమలునకు వచ్చినవి. రక్షణ హక్కు సంహితయందు 34 మొదలు 44 వఱకు గల సెక్షనులలోను, ఋజుభారము అధినియమమునందు 108వ సెక్షనులోను చేరినవి. సంఖ్యలు మారినవి గాని సూత్రములు మాఱలేదు.

పై పరిశీలన వలన తేలిన విషయములు మూడు. ఆపదలో నున్నవాడు ఎదుర్కొనవచ్చుననుటయందు విజ్ఞానేశ్వరునకును, మెకాలేకును, సుప్రీంకోర్టునకును మౌలికమైన భేదము లేదు. నివారణమే గాని వధ ఉద్దేశము కాగూడదనుట అందఱికిని సమ్మతము. ఈ వాదమును నిరూపించు భారము ముద్దాయిపై నున్నను, అది తేలికపాటి భారమని న్యాయస్థానములు క్రమముగా నిర్ణయించినవి. ఆ క్రమమున సుబ్బారావుగారి విశ్లేషణము ప్రధానమైన మెట్టు. భారము ఎంత తేలికయైనను, దానిని మోయవలసిన చోటు న్యాయస్థానమే యని 2009లో హైదరాబాదు ధర్మాసనము చెప్పినది. అమలు నిలిచినను ఆ తర్కమునకు సమాధానము రాలేదు.

పెందుర్తి పొలముగట్టున కత్తి యెత్తిన రైతు తన ప్రాణమును కాపాడుకొనుటకే ఎత్తితినని చెప్పినపుడు, మనము వానిని ఋజువడుగుదుము. సెషన్సు కోర్టులో అడుగుదుము, హైకోర్టులో మరల అడుగుదుము. వాని ఒంటిపై గాయములను లెక్కింతుము. అదే మాటను ప్రభుత్వపు తుపాకి చెప్పినపుడును అదే ప్రశ్న నడుగుట ధర్మము. మినహాయింపును కోరువాడు దానిని నిరూపింపవలెనని చట్టము చెప్పినది గాని, కోరువాని హోదాను బట్టి నిరూపణ అక్కఱలేదని ఎచ్చటను చెప్పలేదు.